పోయిన రీళ్లు, మిగిలిన రీళ్లు: మనకు తెలిసిన ‘ఆ రోజులు’ ఎవరు ఎంచిపెట్టినవి?

పాతపత్రిక:
సెప్టెంబరు వస్తే చాలు, "తెలుగు సినిమా పుట్టినరోజు శుభాకాంక్షలు" అని ఫార్వర్డులు మొదలవుతాయి. భక్త ప్రహ్లాద 1931 సెప్టెంబరు 15న విడుదలైందని దశాబ్దాల పాటు పుస్తకాల్లో రాసుకున్నాం, సభల్లో చెప్పుకున్నాం. ఒకరిది చూసి ఇంకొకరు రాసుకుంటూ పోయారు. జర్నలిస్టు రెంటాల జయదేవ గారు పాత పత్రికలూ సెన్సారు వివరాలూ తవ్వి తీశాక తేలిందేమిటంటే, ఆ సినిమా సెన్సారైందే 1932 జనవరి 22న. బొంబాయిలో కృష్ణా సినిమా హాల్లో ఆట పడింది ఫిబ్రవరి 6న. అంటే సెన్సారుకి నాలుగు నెలల ముందే మనం విడుదల చేసేసి పండగ చేసుకున్నాం!

అన్నేళ్లు ఆ తేదీ అలా నిలబడిపోవడానికి నాకు కనిపించే కారణం ఒకటే, బొమ్మ లేదు. హెచ్.ఎం. రెడ్డి తీసిన ఆ సినిమాలో ఒక్క రీలు కూడా మిగల్లేదు. సురభి కమలాబాయి లీలావతిగా ఎలా నడిచిందో, మునిపల్లె సుబ్బయ్య హిరణ్యకశిపుడిగా ఎలా గర్జించాడో మనకు దొరికేది చెప్పుడు మాటల్లోనే.

నేను అడగాలనుకున్నది ఇది. "ఆ రోజులు" అనగానే మన కళ్ల ముందు కదిలేదంతా మిగిలిన సినిమాలు పెట్టిన బొమ్మే కదా. ఎడ్లబండి, జమీందారు మేడ, మెట్ల మీంచి దిగే నాన్నగారు, పియానో ముందు కూతురు. మరి మిగలని సినిమాల్లో ఏముండేది? ఏది ఉండాలి, ఏది పోవాలి అని తేల్చింది ఎవరు? తెలిసినవాళ్లు రాయండి. తెలియనివాళ్లు ఎలాగూ రాస్తారు.

నేలటికెట్టు:
తేల్చింది పాత సామాన్లవాడు గురూ గారూ. కిలోల లెక్కన.

ల్యాబ్_పిల్ల:
నేలటికెట్టు గారు నవ్వులాటకి అన్నా అసలు విషయం అదే. నేను చెన్నైలో ఫిల్ము స్కానింగ్ పనిలో ఉంటాను కాబట్టి రోజూ ఈ శవాలతోనే కాపురం.

1950ల మొదలు దాకా సినిమాలు నైట్రేట్ ఫిల్ము మీద తీసేవారు. అంటుకుంటే దానికి కావలసిన ఆక్సిజన్ దానిలోంచే వస్తుంది, నీళ్లలో ముంచినా ఆరదు. హాలువాడికీ గోడౌనువాడికీ అది ఇంట్లో పెట్టుకున్న బాంబు కింద లెక్క, ఎప్పుడు వదిలించుకుందామా అనే చూసేవాళ్లు. పైగా బ్లాక్ అండ్ వైట్ ఫిల్ములో బొమ్మ అంటే వెండి రేణువులే. ఆడటం అయిపోయిన ప్రింట్లని కడిగి వెండి తీసుకునేవారు, మిగిలిన ప్లాస్టిక్కు గాజుల తయారీకి పోయేది. అంటే మీ అమ్మమ్మల చేతికి ఏ సినిమా ఉండేదో చెప్పలేం.

దక్షిణాదిలో తీసిన మూకీల్లో దాదాపు పూర్తిగా మిగిలింది మార్తాండ వర్మ (1933) ఒక్కటే అంటారు. ఎలా మిగిలిందో తెలుసా? నవల హక్కులు మావి అని పుస్తకం అచ్చేసినవాళ్లు కోర్టుకెక్కారు, తిరువనంతపురంలో సినిమా వెయ్యగానే ప్రింటు జప్తు చేసి పుస్తకాల దుకాణంలో పడేశారు. 1974లో పుణె ఫిల్ము ఆర్కైవ్ చేతికి వచ్చేదాకా అక్కడే. బాగా ఆడిన సినిమాల ప్రింట్లు అరిగి, కరిగి, కాలి పోయాయి. ఆడకుండా ఆపేసిన బొమ్మ బతికింది.

ఇంకో మాట. 2003 జనవరి 8న పుణెలో నైట్రేట్ గోడౌను తగలబడినప్పుడు మన దేశపు మొదటి టాకీ ఆలంఆరా కూడా కాలిపోయిందని ఇప్పటికీ రాస్తుంటారు. అది ఆ ఆర్కైవ్‌కి అసలెప్పుడూ దొరకలేదు. దాన్ని దశాబ్దాల పాటు నడిపిన పి.కె. నాయర్ గారే ఆ మాట చెప్పారు. లేని సినిమాకి చావు తేదీ కూడా మనమే పెట్టేశాం.

లెక్కలమాస్టారు:
చదువుతున్నాను. ఆసక్తిగానే ఉంది. కానీ ఎవరో ఒకరు అడ్డం మాట్లాడాలి కాబట్టి అడుగుతాను. సినిమాకీ చరిత్రకీ ఏమిటండీ సంబంధం? 1950ల సినిమాలో కనిపించే పల్లెటూరు మద్రాసులో స్టూడియో ఫ్లోరు మీద వేసిన సెట్టు. గుడిసె మీద గడ్డి కొత్తది, ఆవు అద్దెది, రైతు చొక్కాకి ఇస్త్రీ. అది చూసి 1955లో కృష్ణా జిల్లా ఎలా ఉండేదో నేర్చుకునేవాడు, అమ్మలక్కల కబుర్లు విని జనాభా లెక్కలు రాసుకునేవాడితో సమానం. చరిత్ర కావాలంటే రెవెన్యూ రికార్డులు ఉన్నాయి, గెజిటీర్లు ఉన్నాయి, శాసనాలు ఉన్నాయి. వందల కోట్లు పెట్టి రీళ్లు కడిగే బదులు తాలూకా ఆఫీసుల్లో చెదలు తింటున్న కాగితాలు స్కాన్ చేస్తే నలుగురికీ పనికొస్తుంది.

గోదారిగట్టు:
మాస్టారూ, సెట్టు సంగతి ఒప్పుకుంటాను. మరి అవుట్‌డోరు?

బాపు రమణల అందాల రాముడు (1973) తీసుకోండి. కథంతా లాంచీ మీదే, రాజమండ్రి నుంచి భద్రాచలం దాకా. నేను ఆ సినిమా కథ కోసం చూడటం మానేసి చాలాకాలమైంది. నాగేశ్వరరావు గారిని పక్కకి తప్పుకోమని వెనకాల గట్టు చూస్తాను. మా అత్తగారి ఊరు పోలవరం ముంపులో పోయింది, వాళ్లంతా ఇప్పుడు పునరావాస కాలనీలో వరస గదుల్లో ఉంటున్నారు. ఆ మధ్య ఫోనులో ఈ సినిమా పెట్టి ఆపి ఆపి చూపించాను. పాటలో లాంచీ మలుపు తిరిగేటప్పుడు వెనకాల ఇసుక మేట, దాని పక్కన దిగుడు, చింతచెట్టు లాంటిది ఏదో కనిపిస్తుంది, ఓ మూడు నాలుగు సెకన్లు. మా అత్తగారు ఇది ఫలానా రేవు అంటారు, మా మామగారు కాదు దానికి ఎగువది అంటారు. అరగంట పోట్లాడుకున్నారు. ఏ రేవో నేను చెప్పలేను గానీ, ఆ ఒడ్డు అలా ఉండేదని చూపించే కదిలే బొమ్మ మా ఇంట్లో ఎవరి దగ్గరా ఇంకొకటి లేదు.

రెవెన్యూ రికార్డులో సర్వే నంబరు, ఎకరాలు, సెంట్లు ఉంటాయండీ. ఆ నీళ్లు ఎండాకాలం ఏ రంగులో ఉండేవో ఉండదు.

ఆపరేటర్_తాత:
మా మనవరాలు ఇది చదివి వినిపిస్తే రాయిస్తున్నాను. తప్పులుంటే దానివి.

నేను డేరా హాల్లో మొదలుపెట్టి తర్వాత పక్కా హాల్లో ఆపరేటరుగా చేసి దిగిపోయాను. రీలు అంటే వెయ్యి అడుగులు, పదకొండు నిమిషాలు చిల్లర. సినిమా పెట్టె మొదట బెజవాడ, గుంటూరు, రాజమండ్రి లాంటి చోట్ల ఆడి, రెండో ఏడో మూడో ఏడో మా ఊరికి వచ్చేది. అప్పటికి ప్రింటు ఎలా ఉండేదంటే తెర మీద ఎప్పుడూ గీతల వాన పడుతూనే ఉండేది. ఫిల్ము అంచు రంధ్రాలు చిరిగిపోయి ఉంటే ప్రొజెక్టరు గేటులో ఇరుక్కుని తెగేది. తెగితే ఏం చేస్తాం, బ్లేడుతో ఫిల్ము మీది మందు గీకి, ఫిల్ము సిమెంటు అనే జిగురు రాసి, అతుకు వేస్తాం. అతుకు వేసిన ప్రతిసారీ ఒకటి రెండు ఫ్రేములు పోతాయి. పోయిన ముక్క కింద పడితే పిల్లలు ఏరుకునేవాళ్లు, భూతద్దం పెట్టి గోడ మీద చూసుకునేవాళ్లు. కొందరు ఆపరేటర్లు డాన్సు ముక్కలు కావాలనే కోసుకునేవాళ్లు, అదో పిచ్చి. ఓనరేమో సెకండ్ షో వాళ్లు పెందలాడే ఇంటికెళ్లాలి, ఆ కామెడీ రీలు తీసెయ్ అనేవాడు. తీసిన రీలు మళ్లీ పెట్టెలో పెడితే సరి, పెట్టకపోతే అది ఆ గదిలోనే.

పంపిణీదారు హక్కుల గడువు అయిపోతే ప్రింటు వెనక్కి పంపాలి, లేదంటే పాడు చెయ్యాలి, ఎవరూ దొంగ ఆటలు వెయ్యకుండా. నా కళ్ల ముందు గొడ్డలితో నరికారు. కొత్త బట్ట చింపినట్టు సౌండు.

మీరు ఇప్పుడు ఫోనులో చూసే పాత సినిమాల్లో చాలావాటికి నెగెటివ్ దిక్కులేక ఎక్కడో ఊరి హాలు ప్రింటు నుంచే వీడియో దింపారు. మధ్యలో మాట ఎగిరిపోతే, పాట సగంలో మొదలైతే, అది డైరెక్టరు చేసిన పని కాదు. మాలాంటివాళ్ల చెయ్యి పడింది.

నేలటికెట్టు:
తాతగారికి దండం. మా నాన్న ఒక పాత సినిమాలో "భలే కట్ చేశాడయ్యా, హఠాత్తుగా దుఃఖంలోకి వెళ్లిపోతాడు" అని ముప్పై ఏళ్లుగా మెచ్చుకుంటున్నాడు. అది ఏ ఊరి బ్లేడో ఇప్పుడు అనుమానం వచ్చింది.

గడీ_గోడ:
గోదారి, కృష్ణా, బెజవాడ. సరే. నా బాధ ఇంకో రకం. మా దిక్కు సినిమాలు పోలేదు, అసలు తియ్యనే లేదు.

మొదటి తెలుగు టాకీకి పాటలు రాసింది మా ఖమ్మం జిల్లా జక్కేపల్లి చందాల కేశవదాసు గారు. "పరితాప భారంబు" పాట ఆయనదే. అంటే మొదటి అడుగులోనే తెలంగాణ మనిషి ఉన్నాడు. ఆ తర్వాత ముప్పై, నలభై ఏళ్లు మద్రాసులో తీసిన సినిమాల్లో మా ఊరు ఎక్కడన్నా కనపడితే చూపెట్టుండ్రి. మా మాట వచ్చిందంటే రౌడీకో నౌకరుకో. అందుకే ఆర్కైవ్ మొత్తం భద్రంగా దొరికినా, అందులో మా తాతల గతం ఉండదు. పోయిన రీళ్ల గురించి ఏడ్చేటప్పుడు తియ్యని రీళ్లని కూడా లెక్కలో వేసుకోండి.

మళ్లీ దీనికి ఇంకో మెలిక ఉంది. సాయుధ పోరాటం అనగానే నా వయసువాళ్లకు గుర్తొచ్చేది మాభూమి. బి. నర్సింగరావు నిర్మాత, గౌతమ్ ఘోష్ డైరెక్టరు, కిషన్ చందర్ నవల ఆధారం. "బండెనక బండి కట్టి" పాట గద్దర్ గొంతులో వింటే ఇప్పటికీ వెంట్రుకలు నిక్కబొడుచుకుంటయ్. కానీ అది పోరాటం అయిపోయిన ముప్పై ఏళ్లకి తీసిన సినిమా. మా తాత దళంలో తిరిగిన మనిషి, ఆయన చెప్పిన సంగతులు నా బుర్రలో ఎప్పుడో ఆ సినిమా బొమ్మల్లో కలిసిపోయినయ్. ఏది తాత చెప్పింది, ఏది తెర మీద చూసింది అని విడదియ్యలేను. ఇది మంచిదా చెడ్డదా అని అడగకండి. కానీ మాస్టారు గారూ, చరిత్రకూ సినిమాకూ సంబంధం లేదని మాత్రం అనకండి. సంబంధం ఎక్కువై మాకు ఊపిరాడుతలేదు.

ఇంకోటి, ఆ సినిమా తీసింది మెదక్ దిక్కు పల్లెల్లో, నిజం గడీలో. ఇప్పుడు ఎన్ని గడీలు కూలినయో మీకు తెలుసు. 1940ల కథ కోసం తీసిన సినిమా 1970ల గడీలకు సాక్ష్యమై కూర్చుంది.

చార్మినార్_చౌరస్తా:
గడీ_గోడ అన్నా, నీ మాట మీద ఇంకో బొమ్మ పెడతా. నిజాం ఉస్మాన్ అలీ ఖాన్ బేగంపేట ఎయిర్‌పోర్టులో సర్దార్ పటేల్‌కి చేతులు జోడించే బొమ్మ. ప్రతి సెప్టెంబరు 17కి "నిజాం లొంగిపోయిన క్షణం" అని రెండు రాష్ట్రాల వాట్సాపుల్లో తిరుగుతుంది. పటేల్ హైదరాబాదు వచ్చింది 1949 ఫిబ్రవరిలో! పోలీసు యాక్షన్ అయిపోయి అప్పటికి అయిదు నెలలు. 1948 సెప్టెంబరులో లొంగిపోయింది నిజాం సైన్యాధిపతి ఎల్ ఎద్రూస్, మేజర్ జనరల్ చౌధురి ముందు. వచ్చిన అతిథికి పెట్టిన నమస్కారం లొంగుబాటు సీను అయిపోయింది, ఎందుకంటే అది చూడ్డానికి లొంగుబాటులాగే ఉంది.

బ్రిటిష్ పాథే వాళ్లు 2014లో తమ దగ్గరున్న 85,000 న్యూస్‌రీళ్లు యూట్యూబ్‌లో పెట్టాక ఇలాంటివి బాగా పెరిగాయి. బొమ్మ దొరుకుతోంది, దాని పక్కన ఉండాల్సిన చీటీ దొరకట్లేదు. ఎవరు తీశారు, ఎవరి కోసం, ఏ తేదీ, ఏది కోసేశారు అన్నది ఎవరికీ పట్టదు.

ఇంకో సంగతి, కొందరికి కోపం రావచ్చు. కెమెరా బేగంపేటలో ఉంది. ఆ రోజుల్లో మరాఠ్వాడా వైపు పల్లెల్లో ముస్లింల మీద జరిగినదానికి కెమెరా లేదు. అది నెహ్రూ సర్కారు పంపిన సుందర్‌లాల్ కమిటీ రిపోర్టులో కాగితం మీదే ఉంది, ఆ కాగితం కూడా దశాబ్దాలు బయటికి రాలేదు. బొమ్మ ఉన్న సంగతి పండగైంది, బొమ్మ లేని సంగతి పుకారైంది. ఇక్కడ మాత్రం నేను మాస్టారు పార్టీ. కాగితం కావాలి.

లెక్కలమాస్టారు:
హమ్మయ్య, ఒక ఓటు.

శారద_న్యూజెర్సీ:
ఇంత సీరియస్ చర్చలో నా గొడవ చిన్నదిగా కనిపిస్తుందేమో. మా పిల్లలిద్దరూ ఇక్కడే పుట్టారు. బ్లాక్ అండ్ వైట్ అంటే లేచి వెళ్లిపోతారు. 2010లో వచ్చిన రంగుల మాయాబజార్ పెడితే మాత్రం కూర్చున్నారు, "వివాహ భోజనంబు" దగ్గర పడీ పడీ నవ్వారు, ఘటోత్కచుడు ఇప్పుడు మా ఇంట్లో మనిషి. హైదరాబాదు గోల్డ్‌స్టోన్ వాళ్లు అలా రంగులు వెయ్యకపోతే వీళ్లకి ఎస్వీ రంగారావు అనే మనిషి ఉన్నాడని తెలిసేది కాదు. రంగులు వెయ్యడం పాపం అని కొందరు పెద్దలు అంటారు. పిల్లలు చూడని ఆర్కైవ్ ఎవరి కోసం?

ల్యాబ్_పిల్ల:
శారద గారూ, రంగులు వెయ్యడం పాపమని నేను అనను, నాకూ ఆ వెర్షన్ హాల్లో చూసిన గుర్తు ఉంది. నా భయం వేరు. ఆ సినిమా తీసేటప్పుడు కెమెరామన్ మార్కస్ బార్ట్‌లే లైటింగు చేసిందే నలుపు తెలుపు కోసం. ఆ వెన్నెల నీలంగా ఉండాలా పచ్చగా ఉండాలా అన్న ప్రశ్న ఆయన ముందు లేదు. శశిరేఖ చీర రంగు 2010లో కంప్యూటర్ ముందు కూర్చున్నవాళ్లు ఎంచుకున్న రంగు. మీ పిల్లలు పెద్దయ్యాక "1957లో తీసిన సినిమాలో చీర ఈ రంగు" అని రాస్తారు, అది 2010 సంగతి. రెండూ ఉంటే ఏ గొడవా లేదు. అసలుది అరలో పాడైపోతుంటే రంగులది మాత్రమే మార్కెట్లో ఉంటే గొడవ.

స్కానింగులో రోజూ ఇదే తలనొప్పి. గీత తుడవాలి, అది సరే. కానీ మీద మురికి ఉందని తుడుస్తుంటే సాఫ్ట్‌వేరు ముక్కుపుడక మెరుపుని కూడా మురికి అనుకుని తీసేస్తుంది. వర్షం సీన్లో వాన చినుకుల్ని గీతలనుకుంటుంది. ఫ్రేము ఫ్రేము చూసి వెనక్కి పెట్టాలి. నిమిషానికి 1,440 ఫ్రేములు. క్లయింటు మాత్రం "కొత్త సినిమాలా మెరవాలి" అంటాడు. గింజ, అంటే ఫిల్ములో సహజంగా కనిపించే సన్నటి రేణువులు, మొత్తం తుడిచేస్తే మొహాలు మైనం బొమ్మల్లా అవుతాయి, అదే నచ్చుతుంది వాళ్లకి.

డబ్బు ఎటు వెళ్తుందో కూడా చూడండి. అక్కినేని శతజయంతికి 2024 సెప్టెంబరులో దేవదాసు, మిస్సమ్మ లాంటివి బాగుచేసిన కాపీలు దేశమంతా హాళ్లలో వేశారు. జనం ఏడ్చారు, ఈలలు వేశారు, చాలా మంచి పని. కానీ అభిమానులు ఉన్న హీరో ఉంటేనే రీలు బతుకుతుంది అన్నట్టు ఉంది వరస. రెండు వారాలు ఆడి పోయిన సినిమాకి, పేరు మర్చిపోయిన హీరోయిన్‌కి ఎవరు శతజయంతి చేస్తారు? యాభై ఏళ్ల తర్వాత చూసేవాడు మన సినిమా అంటే ఆరుగురు మగవాళ్లు అనుకుంటాడు.

పాతపత్రిక:
ల్యాబ్_పిల్ల గారి చివరి మాట పట్టుకుని నేను మొదట అడిగినదానికి వస్తాను. మిగిలినవాటిలో పురాణాలు ఎక్కువ, ఎందుకంటే అవి మళ్లీ మళ్లీ ఆడేవి, పండక్కి వేసేవాళ్లు, టీవీ వచ్చాక కూడా అడిగేవాళ్లు. మళ్లీ విడుదల ఉంటే కొత్త ప్రింటు తీస్తారు, నెగెటివ్‌ని ఎవరో ఒకరు కనిపెట్టుకుని ఉంటారు. దాంతో ఇప్పటివాళ్లకి ఒక నమ్మకం కుదిరిపోయింది, పాత తెలుగు సినిమా అంటే కిరీటాలూ గదలూ అని. గూడవల్లి రామబ్రహ్మం 1938లోనే మాలపిల్ల తీశాడు, కాంచనమాల హీరోయిన్, కథ చలం, మాటలు తాపీ ధర్మారావు. మరుసటి ఏడు రైతుబిడ్డ, జమీందార్ల మీద. కొన్నిచోట్ల జమీందార్లు దాన్ని ఆడనివ్వలేదు. తమాషా ఏమిటంటే ఆ సారథి ఫిలిమ్స్ వెనక ఉన్నది చల్లపల్లి జమీందారే. ఇలాంటి మెలికలు తెలియకుండా 1930లు అంటే భక్తి యుగం అని ఒక్క ముక్కలో తేల్చేస్తాం.

సినిమా పోయినచోట నాకు దిక్కు పాటల పుస్తకాలు. హాలు దగ్గర అణాల్లో అమ్మేవారు. నాసి కాగితం, మీద హీరోయిన్ బొమ్మ, లోపల నటీనటుల జాబితా, పాటలు, రెండు పేజీల కథ. ఆ కథ సరిగ్గా పట్టుమీద ఉండగా ఆగిపోతుంది, "మిగతా కథ వెండితెరపై చూడండి" అని. ఆ వెండితెర బొమ్మ ఇప్పుడు లేదు. ముగింపు తెలియని కథలు నా బీరువాలో ఒక వరస ఉన్నాయి. ఒకదాంట్లో విధవరాలు ఊరు విడిచి వెళ్తుంది, అక్కడితో సరి. రచయిత ఆమెకు మళ్లీ పెళ్లి చేశాడా, నూతిలో దూకించాడా? ఆ ఒక్క సంగతి తెలిస్తే ఆనాటి జనం ఏది ఒప్పుకునేవారో మనకు తెలుస్తుంది. సరిగ్గా అదే దొరకదు.

గ్రామఫోను రికార్డులు ఇంకో ఆధారం. వి.ఎ.కె. రంగారావు గారి లాంటి వాళ్లు సొంత డబ్బుతో కొని దాచబట్టి బొమ్మ లేని సినిమాల గొంతులు ఉన్నాయి. సర్కారు ఆర్కైవ్ 1964లో పుణెలో పెట్టారు. ప్రాంతీయ ఆఫీసులు బెంగళూరు, కోల్‌కతా, తిరువనంతపురంలో వచ్చాయి. ఆ జాబితాలో హైదరాబాదు లేదు. మద్రాసు నుంచి మనవాళ్లు సామాను సర్దుకుని వచ్చినప్పుడు స్టూడియోలు కట్టుకున్నారు, స్థలాలు తీసుకున్నారు, నెగెటివ్ డబ్బాలు మాత్రం ల్యాబుల్లో అద్దె బాకీతో అక్కడే ఉండిపోయాయి. తర్వాత ల్యాబులే మూతపడ్డాయి.

లెక్కలమాస్టారు:
నా మాట కాస్త విడమరిచి చెబుతాను. సినిమా దాచొద్దని నేను అనట్లేదు. చార్మినార్_చౌరస్తా చెప్పిన పటేల్ బొమ్మ, పాతపత్రిక గారు చెప్పిన ప్రహ్లాద తేదీ, రెండూ ఒకే సంగతి చెబుతున్నాయి. ఒకచోట బొమ్మ ఉంది, కాగితం చూడలేదు. ఇంకోచోట బొమ్మ లేదు, కాగితం ఉన్నా చూడలేదు. రెండుచోట్లా తేల్చింది కాగితమే. కాబట్టి డబ్బు పెడితే రీలుతో పాటు సెన్సారు స్క్రిప్టు, హాలు కలెక్షన్ పుస్తకం, పాటల పుస్తకం, ఆపరేటర్_తాత గారి లాంటి వాళ్ల మాటలు, అన్నీ ఒకే చోట పెట్టండి. ఒట్టి రీలు దాస్తే అది చూసేవాడి ఇష్టం వచ్చిన కథ చెబుతుంది.

గోదారిగట్టు గారి రేవు సంగతి మాత్రం నన్ను ఇబ్బంది పెడుతోంది. దానికి నా దగ్గర జవాబు లేదు.

వ్యాన్_మనవడు:
కొత్త సభ్యుణ్ణి, ఇన్నాళ్లూ చదువుతూ ఉన్నాను. మా తాతయ్య సర్కారు ప్రచార వ్యానులో ఊరూరా తిరిగి బొమ్మలు వేసేవాడు. ఆయన పోయాక అటక దించితే పదీ పన్నెండు డబ్బాలు దొరికాయి, గుండ్రంవి, తుప్పు పట్టినవి. ఫిల్ము సన్నగా ఉంది, ఒక పక్కనే రంధ్రాలు. ఒక డబ్బా మీద "మశూచి – తెలుగు" అని, ఇంకోదాని మీద "రైతు సభ" అని పెన్సిలుతో ఉంది. మూడోది తెరిస్తే ఆవకాయ జాడీ దగ్గర వచ్చే పులుపు వాసన, ముక్కు పగిలిపోయింది. మా నాన్న పారేద్దాం అంటున్నాడు. ఇవి దేనికైనా పనికొస్తాయా, లేక డాక్యుమెంటరీలు తీసిన సర్కారు సంస్థ ఫిల్మ్స్ డివిజన్ దాచినవాటిలో వీటి కాపీలు ఎలాగూ ఉంటాయా?

ల్యాబ్_పిల్ల:
పారెయ్యకండి!! మీ నాన్నగారికి నా తరఫున దండం పెట్టి చెప్పండి.

ఒక పక్కనే రంధ్రాలంటే 16 ఎం.ఎం. సౌండు ప్రింటు. అది నైట్రేట్ కాదు, భయం లేదు, అంచున సేఫ్టీ అని ఇంగ్లిషులో చిన్న అక్షరాలు ఉంటాయి చూడండి. పులుపు వాసన అంటే ఫిల్ము చేసిన అసిటేట్ ప్లాస్టిక్కు కుళ్లుతోంది. అది పక్క డబ్బాలకి కూడా పాకుతుంది కాబట్టి ముందు ఆ డబ్బాని వేరే గదిలో పెట్టండి. ప్లాస్టిక్ కవరులో బిగించి కట్టొద్దు, ఆవిరి లోపలే ఉండి ఇంకా తినేస్తుంది. అటక మీద వద్దు, వంటింటి గోడకి ఆనించొద్దు, నేల మీద వద్దు. ఇంట్లో అన్నిటికంటే చల్లగా, పొడిగా ఉండే చోట పడుకోబెట్టండి, నిలబెట్టొద్దు. సరదాకి కూడా ప్రొజెక్టరు ఎక్కించొద్దు. కుళ్లిన ఫిల్ము కుంచించుకుపోతుంది, పళ్లకి పట్టి పర్రుమని చిరుగుతుంది. డబ్బా మీద, లోపల చీటీల మీద ఉన్నవన్నీ ఫోటో తీయండి, తుడవకండి.

మశూచిది ఫిల్మ్స్ డివిజన్‌ది అయితే మాతృక ఉండే అవకాశం ఉంది, కానీ తెలుగు వ్యాఖ్యానం ఉన్న కాపీ ఉందో లేదో చూడాలి. "రైతు సభ" నాకు ఆసక్తిగా ఉంది, పేరు పెన్సిలుతో రాశారంటే ఎవరో ఇక్కడే తీసినది కావచ్చు.

గడీ_గోడ:
సర్కారు వ్యాను బొమ్మలు కదా, అందులో రైతులందరూ నవ్వుతూనే ఉంటరు తమ్మీ. అయినా దాచు. వెనకాల నవ్వనోడు ఎవడన్నా ఒకడు ఫ్రేములో పడి ఉంటడు.

వ్యాన్_మనవడు:
అంచు చూశాను, సేఫ్టీ అనే ఉంది. "రైతు సభ" డబ్బాకి వాసన లేదు. చీటీలో మా తాతయ్య చేతిరాతలో ఊళ్ల పేర్ల జాబితా ఉంది, పక్కన టిక్కులు, ఒక ఊరి దగ్గర మాత్రం "కరెంటు లేదు, జనరేటర్" అని. అది ఎక్కడెక్కడ వేశాడో లెక్క అనుకుంటా. మాస్టారు గారు అడిగిన కాగితం ఇదేనా?

లెక్కలమాస్టారు:
అదే. రెండు వైపులా ఫోటో తియ్యి బాబూ, వెనక ఏముందో కూడా.

ఆపరేటర్_తాత:
అబ్బాయీ, మీది ఏ ఊరో రాయలేదు. తూర్పు గోదావరి వైపైతే నా దగ్గర 16 ఎం.ఎం. రివైండరు ఉంది, చేత్తో తిప్పేది. ప్రొజెక్టరు ఎక్కించకుండా లైటు మీద పెట్టి చూడొచ్చు, ఏ సభో తెలుస్తుంది. మెల్లిగా తిప్పాలి, బొటనవేలుతో అంచు పట్టుకుని, బొమ్మ మీద చెయ్యి పడకూడదు. పాత నూలు బట్ట రెండు ఉతికి ఆరేసి ఉంచు. ఆదివారమైతే మా మనవరాలు స్కూటీ మీద దింపుతానంటోంది.